నీ బురుజుకి మెట్లెన్ని?

మైలాపూర్, చెన్నై

అమ్మాయ్,

నీ కథ రెండుసార్లు చదివాను. మొదటిసారి పక్కన కాఫీ చల్లారిపోయింది. రెండోసారి కోపం వచ్చింది. రెండింటికీ కారణాలు చెప్తాను.

జనం పోగొట్టుకున్న జ్ఞాపకాలన్నీ ఒక బురుజులోకి చేరతాయి, కాపలా ముసలాయన వాటిని గాజు బుడ్లలో పోసి మూతలు పెడతాడు. బావుంది. ఇంకా బావున్నది నువ్వు ఆరో పేజీలో దాచేశావు: తల్లి గొంతు మర్చిపోయిన కుర్రాడు ఆ ఒక్క బుడ్డి కోసం మెట్లెక్కడం. వాడిని మొదటి పేజీలోకి తీసుకురా. ముందున్న అయిదు పేజీలూ పొగమంచే. పొగమంచు, నీలి వెన్నెల, మళ్లీ పొగమంచు. తండయార్‌పేటలో పుట్టి పెరిగినదానివి, భోగి తెల్లవారుజామున టైర్లు కాల్చిన పొగ తప్ప నువ్వు చూసిన పొగమంచు ఏదమ్మా?

మన ఊళ్లో ఉన్నది ఉప్పుగాలి. మా కిటికీ ఊచలు నాలుగేళ్లకే పెచ్చులు పెచ్చులుగా ఊడొస్తున్నాయి. నీ బురుజుని సముద్రం ఒడ్డున పెట్టి చూడు. ఇనప మూతలకి తుప్పు పడుతుంది. తుప్పు పట్టిన చోట నుంచి జ్ఞాపకం కొద్దికొద్దిగా కారి పక్క బుడ్డిలో కలుస్తుంది. ఊరు మార్చగానే కథకి ఒక చిక్కు ఊరికే దొరికింది, చూశావా?

బురుజు కోసం కూడా ఎక్కడికో పోనక్కర్లేదు. ఓడలకి దారి చూపే మద్రాసు దీపం ఇప్పటికి నాలుగిళ్లు మారింది. 1796లో సెయింట్ జార్జి కోటలో, ఇప్పుడు మ్యూజియం ఉన్న భవనం మీద కొబ్బరినూనె దీపాలతో మొదలైంది. 1844లో రాతి స్తంభం మీదికి, 1894లో హైకోర్టు గుమ్మటం మీదికి, 1977లో మెరీనాలో ఎరుపూ తెలుపూ చారల లైట్‌హౌస్‌కి వెళ్లింది. ఆ 1844 నాటి స్తంభం హైకోర్టు ఆవరణలో ఇప్పటికీ అలాగే ఉంది, దీపం లేకుండా. అటు వెళ్లినప్పుడల్లా నాకు ఒకటే అనుమానం: ఓడలకి దారి చూపించిన మనిషి, సారీ, స్తంభం, ఇన్నేళ్లుగా ఖాళీగా ఏం చేస్తున్నట్టు? ఉద్యోగం పోయిన బురుజు ఏదో ఒక పని వెతుక్కోదా? నీ బురుజు జ్ఞాపకాలు ఎందుకు దాస్తుందో నువ్వు ఎక్కడా చెప్పలేదు. కారణం ఇలాంటిదైతే నేను నమ్ముతాను.

కాపలా ముసలాయన పగలంతా ఏం చేస్తాడు? నీ కథలో ఊరికే దూరంగా చూస్తూ నిలబడ్డాడు. ప్రాచ్య లిఖిత గ్రంథాలయం మన ఊళ్లోనే ఉంది. బ్రౌన్ దొర పోగుచేసిన తెలుగు తాటాకులు అందులో ఉన్నాయి. పురుగు పట్టకుండా తాటాకులకి నిమ్మగడ్డి నూనె రాస్తారు. ముసలాయన వేళ్లకి కూడా ఆ వాసన అంటించు, వాడు లేచి నడుస్తాడు. ఇంకో సంగతి. అన్ని వేల బుడ్లలో ఒక బుడ్డిని ఎలా వెతుకుతాడు? మనవాళ్ల అవధానం చూడు. పృచ్ఛకులు అడిగిన పద్యాలని అవధాని పాదం పాదంగా చెప్పుకుంటూ పోయి, చివర్లో ధారణ చేసి అన్నీ మళ్లీ వరసగా అప్పగిస్తాడు. ప్రాస నియమం ఉన్న పద్యంలో రెండో అక్షరం గుర్తొస్తే చాలు, నాలుగు పాదాల్లోనూ ఒక కొక్కెం దొరికినట్టే. నీ ముసలాయన జ్ఞాపకాలని తేదీలవారీగా కాకుండా ప్రాసవారీగా సర్దితే? ‘అమ్మ’, ‘కమ్మ’, ‘నిమ్మ’ ఒకే అరలో! కుర్రాడు అమ్మ గొంతు కోసం వెళ్లి ఎవరిదో నిమ్మచెట్టు జ్ఞాపకం ఎత్తుకొచ్చే ప్రమాదం కూడా ఉంది.

ఇక నా కోపం సంగతి. కుర్రాడు బుడ్డి తెరిచాడు, అమ్మ గొంతు విన్నాడు, ఏడ్చాడు, అయిపోయింది. ఉంగరం కనపడగానే దుష్యంతుడికి అంతా గుర్తొచ్చేసినట్టు. కంచి మనకి దగ్గరే అయినా కథని అంత తొందరగా పంపాలా?

నా ముప్పయ్యో ఏట ఒక పత్రికకి కథ పంపాను, పేరు చెప్పను. ఇరవై రెండు పేజీలు, చేత్తో రాసింది, నకలు లేదు. అచ్చు కాలేదు, తిరిగి రాలేదు. ఆఫీసుకి వెళ్లి అడిగితే ‘అలాంటిదేం రాలేదండీ’ అన్నారు. ఆ తర్వాత పదిహేనేళ్లు, నేను రాసినవాటిలో గొప్పది అదేనని నలుగురికీ చెప్పుకుని తిరిగాను. ఇల్లు ఖాళీ చేసేటప్పుడు ట్రంకుపెట్టె అడుగున దాని చిత్తుప్రతి బయటపడింది. నేల మీదే కూర్చుని చదివాను. మామూలు కథ. నేను అందరికీ అప్పజెప్పిన ఆ గొప్ప వాక్యం అందులో లేనే లేదు. మధ్యలో ఎప్పుడో నా మనసే రాసుకుంది. మెదడు గురించి చదువుకున్నవాళ్లు కూడా ఇదే అంటున్నారు: జ్ఞాపకాన్ని బయటికి తీసినప్పుడు అది కాస్త మెత్తబడుతుంది, మళ్లీ గట్టిపడేలోపు కొత్తవి అంటుకోవచ్చు అని.

నీ కుర్రాడికీ ఇదే జరగాలి. బుడ్డి తెరిస్తే ఒక ఆడమనిషి, కాస్త బొంగురు గొంతుతో, ‘పాలు పొంగుతున్నాయ్, స్టవ్ కట్టెయ్’ అంటుంది. అంతే. ‘ఇది మా అమ్మ కాదు’ అంటాడు వాడు. ముసలాయన చీటీ చూపిస్తాడు. వాడు గొడవ పెట్టుకుంటాడు. ఇన్నేళ్లూ వాడు తనలో తాను కట్టుకున్న గొంతు ఇంకా తియ్యగా ఉంది మరి. బుడ్డి తీసుకెళ్తాడా, అక్కడే వదిలేస్తాడా? నాకు ఫోన్‌లో చెప్పకు, రాసి పంపు.

‘విస్మృతి తరంగాలు’, ‘స్మృతి మంజూష’ లాంటివి కొట్టెయ్. మీ నాయనమ్మ సరి అనడానికి ‘సెరి’ అంటుందని నువ్వే నవ్వుతూ చెప్పావు. ముసలాయన చేత అలాగే అనిపించు. తప్పు తెలుగని ఎవరైనా అంటే నా పేరు చెప్పు. ఈ ఊళ్లో అది మన తెలుగే.

తిరగరాశాక పోస్టులోనే పంపు, నాకు తెరమీద చదివితే కళ్లు మంట. పంపేముందు మాత్రం జిరాక్స్ తీయించి ఒక కాపీ నీ దగ్గర ఉంచుకో.

ఆశీస్సులతో,
మాస్టారు