బూవే దీవి ఎక్కడుంది? అక్కడ మనుషులు ఎందుకు ఉండరు?

దక్షిణ అట్లాంటిక్ మహాసముద్రంలో, దక్షిణాఫ్రికాకూ అంటార్కిటికాకూ మధ్య ఉన్న అగ్నిపర్వత దీవి ఇది. అతి దగ్గరి నేల అంటార్కిటికా తీరమే, అదీ దాదాపు 1,700 కిలోమీటర్ల దూరం. విస్తీర్ణం సుమారు 49 చదరపు కిలోమీటర్లు. అందులో 90 శాతానికి పైగా హిమానీనదాల కిందే ఉంటుంది. చుట్టూ నిటారు కొండచరియలు, ఎప్పుడూ పోటెత్తే అలలు. ఓడరేవు కట్టే చోటే లేదు కాబట్టి పడవలో దిగడం చాలా ప్రమాదం, ఎక్కువగా హెలికాప్టర్‌లోనే వెళ్తారు. ఊరు ఏర్పడకపోవడానికి చలికన్నా ఇదే పెద్ద కారణమని నా అభిప్రాయం.

దీని చరిత్ర మాత్రం చాలా ఆసక్తికరం. 1739 జనవరి 1న ఫ్రెంచ్ నావికుడు బూవే దీన్ని చూశాడు. పొగమంచులో చుట్టి రాలేక, దక్షిణ ఖండం కొస అనుకున్నాడు. పైగా అతను నమోదు చేసిన స్థానం తప్పు! దాంతో ప్రసిద్ధ బ్రిటిష్ నావికుడు జేమ్స్ కుక్ అంతటివాడు వెతికినా దొరకలేదు. 1808లో మళ్లీ కనిపించింది, కానీ కచ్చితమైన స్థానం తేలింది 1898లో, వాల్డివియా అనే జర్మన్ పరిశోధక నౌక వల్ల. అంటే ఒక దీవిని మ్యాపులో సరిగ్గా పెట్టడానికి దాదాపు 160 ఏళ్లు పట్టింది.

1825లో బ్రిటన్ తనదంది. 1927లో నార్వే బృందం దిగి కొన్నాళ్లు ఉండి, తమ జెండా ఎగరేసింది. తర్వాత బ్రిటన్ హక్కు వదులుకుంది. 1971 నుంచి ఇది నార్వే కింద ప్రకృతి సంరక్షణ ప్రాంతం. సీల్స్, పెంగ్విన్లు, సముద్రపక్షులు ఇక్కడ పిల్లల్ని పెంచుకుంటాయి.