చిగురు వచ్చిందంటే వేరు వచ్చినట్టు కాదు

మందార, గులాబీ కొమ్మలు గుచ్చితే రెండు వారాల్లో చిగురిస్తున్నాయి, ఆ తర్వాత అడుగు నల్లబడి చచ్చిపోతున్నాయి, లోపం ఎక్కడ అని అడిగారు. కొమ్మలో నిల్వ ఉన్న పిండిపదార్థంతోనే మొగ్గ విచ్చుకుంటుంది, అందుకు వేరు అక్కర్లేదు. కొత్త ఆకులు నీటిని ఆవిరి చేస్తూ ఉంటాయి, కింద నుంచి తోడిచ్చే వేరు మాత్రం ఇంకా పడదు. వాడింది కదా అని ఇంకాస్త నీళ్లు పోస్తాం. దాంతో మట్టిలో గాలి ఆడక అడుగు కుళ్లుతుంది. అంటే నీళ్లు చాలక కాదు, చాలాసార్లు ఎక్కువై పోతున్నాయి.

కొమ్మ పెన్సిల్ మందాన, మరీ లేతా మరీ ముదురూ కాకుండా ఉండాలి. వంచితే కాస్త వంగి టక్కున విరిగేది సరైనది. పూత లేని కొమ్మ తీసుకోండి, మొగ్గలుంటే తుంచేయండి. 15 సెం.మీ. పొడవు, మూడు నాలుగు కణుపులు చాలు. కింది కోత సరిగ్గా కణుపు కిందే పడాలి, ఎక్కువ మొక్కలకు వేళ్లు సులువుగా పుట్టేది అక్కడే. కత్తెర మొద్దుదైతే కాండం నలిగి, ఆ నలిగిన చోటే కుళ్లు మొదలవుతుంది. పైన రెండు ఆకులు ఉంచి, పెద్దవైతే వాటినీ సగానికి కత్తిరించండి. ఆకులన్నీ దూసేయడం మాత్రం వద్దు, వేరు పుట్టించే ఆక్సిన్ అనే హార్మోన్ చిగుళ్లు, లేత ఆకుల నుంచే కిందికి దిగుతుంది.

తోటమట్టి, పశువుల ఎరువు ఇప్పుడే వద్దు. కడిగిన ముతక ఇసుక, కొబ్బరి పొట్టు సమపాళ్లలో కలపండి. పిడికిట్లో పిండితే ఒకటి రెండు చుక్కలు రాలాలి, ధార కట్టకూడదు. వేరు హార్మోన్ పొడి ఉంటే తడి అడుగును అందులో ముంచి, ఎక్కువైంది దులిపేయండి. పొడి రాలిపోకుండా ముందే పుల్లతో గుంట చేసి గుచ్చాలి. తేనె, దాల్చినచెక్క పొడి వేరు పుట్టించే హార్మోన్లు కావు, వాటి మీద ఆశ పెట్టుకోకండి.

అడుగున చిల్లులు పెట్టిన పారదర్శక గ్లాసులో నాటి, పైన ప్లాస్టిక్ కవరు కప్పి, వెలుతురు ఉండి నేరుగా ఎండ పడని చోట పెట్టండి. కవరు కింద ఎండ తగిలితే లోపల ఉడికిపోతుంది. మందారకు నాలుగు నుంచి ఆరు వారాలు, గులాబీకి ఇంకాస్త ఎక్కువే పట్టవచ్చు. వేరు గ్లాసు గోడకు కనబడేదాకా కొమ్మను లాగి చూడకండి, కొత్త వేరు వెంట్రుకలా తెగిపోతుంది. కనబడ్డాక వారం రోజులపాటు కవరును రోజుకు కొంచెం ఎక్కువసేపు తీసి ఉంచుతూ అలవాటు చేయండి. ఒక్కసారిగా తీస్తే ఆకు తట్టుకోలేదు.

మనీప్లాంట్, తులసి నీళ్లలోనే వేళ్లు వేస్తాయి. ఆ వేళ్లు పెళుసు, 3–5 సెం.మీ. కాగానే మట్టికి మార్చేయాలి. దేవగన్నేరులా పాలు కారే కొమ్మలను నీడలో వారం ఆరబెట్టి, కోత ఎండాకే నాటాలి.

జామ, నిమ్మలకైతే నేను గాలి అంటు కడతాను, అంటే కొమ్మ చెట్టుమీద ఉండగానే దానికి వేళ్లు పుట్టిస్తాను. చెట్టుమీదున్న కొమ్మకే 2.5 సెం.మీ. వెడల్పున చుట్టూ బెరడు ఒలిచి, లోపలి జారుడు పొరను కత్తితో శుభ్రంగా గీకేయాలి. అది మిగిలితే బెరడు మళ్లీ కలిసిపోయి వేరు రాదు. ఆకుల నుంచి దిగే చక్కెరలు, ఆక్సిన్ ఆ కోత పై అంచు దగ్గర ఆగిపోతాయి కాబట్టి వేళ్లు అక్కడే పడతాయి, హార్మోన్ రాయాల్సిందీ ఆ అంచుకే. తడిపి పిండిన నాచు (నర్సరీల్లో దొరికే ఎండు స్పాగ్నమ్ మాస్) చుట్టి, ప్లాస్టిక్ కాగితంతో రెండు కొసలూ గట్టిగా కట్టండి. సుమారు రెండు నెలల్లో వేళ్లు కాగితం లోంచి కనబడతాయి, అప్పుడు దాని కింద కోసి నాటుకోవచ్చు.

కరివేపాకుకు కొమ్మలు గుచ్చుతూ కాలం పోగొట్టుకోకండి. తల్లిచెట్టు చుట్టూ లేచే పిలకను వేరుతో సహా తవ్వి తీసుకుంటే చాలు.