బావగారి సలహా డాలస్‌లో చెల్లుతుంది

ప్రశ్న: మేము జెర్సీ సిటీలో ఉంటాం. నా ఉద్యోగం మాన్‌హట్టన్‌లో, జీతం ఏడాదికి 1,60,000 డాలర్లు. పేస్లిప్పులో న్యూయార్క్ పన్నే కోస్తారు, న్యూజెర్సీ గడిలో సున్నా. నా భార్య హెచ్4 వీసా మీద ఉంది, సంపాదన లేదు. 2010లో కూకట్‌పల్లిలో 30 లక్షలకు కొన్న ఫ్లాటును 2024 ఆగస్టులో 1.06 కోట్లకు అమ్మాం. కొన్నవారు టీడీఎస్ (ముందుగా కోసే ఇండియా పన్ను) కోసుకున్నారు గానీ దాని ధ్రువపత్రం, ఫారం 16ఏ, ఇంకా ఇవ్వలేదు. అందుకే ఫెడరల్ రిటర్నుకు గడువు కోరుతూ ఫారం 4868 పంపాను. డాలస్‌లో ఉండే మా బావగారు అది చాలు, అక్టోబరు 15 దాకా నిశ్చింతగా ఉండమంటున్నారు. రాష్ట్రానికి వేరే అడగాలా?

జవాబు: రాష్ట్రం సంగతిలో మీ బావగారు చెప్పినది ఆయన వరకు నిజమే. టెక్సాస్‌లో వ్యక్తుల ఆదాయం మీద రాష్ట్ర పన్నే లేదు. లేని పన్నుకు గడువు అడగాల్సిన పని ఎవరికి? మీకు మాత్రం రెండు రాష్ట్రాలతో లెక్క ఉంది. పని చేసే చోట న్యూయార్క్, కాపురం ఉన్న చోట న్యూజెర్సీ. గడువు ఇవ్వడంలో ఒకదాని పద్ధతి మరొకదానికి లేదు.

ముందు న్యూయార్క్ సంగతి చూద్దాం, అది తేలిక. 4868 కాపీని ఆ రాష్ట్రం ఒప్పుకోదు. తన సొంత ఫారం ఐటీ-370 ఏప్రిల్ 15లోగా చేరాలి. పన్నుల శాఖ వెబ్‌సైట్‌లోనే పంపవచ్చు. బాకీ ఏమీ లేకపోయినా పంపాల్సిందే. ఒక చిన్న మెలిక ఉంది: మీ హైదరాబాదు ఫ్లాటు లాభం మీద న్యూయార్క్‌కు హక్కు లేదు, కానీ రేటు తేల్చేటప్పుడు మొత్తం ఆదాయాన్ని చూస్తుంది. దాంతో జీతం మీద పన్ను కాస్త పెరుగుతుంది. కోసిన మొత్తం సరిపోయిందో లేదో ఒకసారి లెక్క వేసి, తక్కువైతే ఐటీ-370తోనే కట్టేయండి.

అసలు చిక్కంతా న్యూజెర్సీతో. ఫెడరల్‌కు గడువు దొరికితే తానూ ఆరు నెలలు ఇస్తానంటుంది, వినడానికి బాగానే ఉంటుంది. షరతు ఒకటే: తేలబోయే పన్నులో కనీసం 80 శాతం ఏప్రిల్ 15 నాటికి దాని ఖాతాలో పడి ఉండాలి. పడలేదా, మీరు అసలు గడువే అడగనట్టు లెక్క. సున్నా కోత ఉన్న పేస్లిప్పుతో మీరు సరిగ్గా అక్కడే నిలబడి ఉన్నారు.

ఎంత కట్టాలో తేలాలంటే ముందు లాభమెంతో తేలాలి. ఇక్కడ చాలామంది తప్పులో కాలేస్తారు. 1.06 కోట్లలో 30 లక్షలు తీసేసి, మిగిలిన 76 లక్షలను అమ్మిన నాటి రేటుతోనే భాగిస్తారు. 90 వేల డాలర్ల లాభం వస్తుంది. అది తప్పు. కొన్న ధరను కొన్న నాటి రేటుతో, అమ్మిన ధరను అమ్మిన నాటి రేటుతో డాలర్లలోకి మార్చాలి. 2010లో డాలరు దాదాపు 45 రూపాయలు, కాబట్టి మీ 30 లక్షలు 66,700 డాలర్లు. 2024 ఆగస్టులో దాదాపు 84, కాబట్టి 1.06 కోట్లు 1,26,200 డాలర్లు. లాభం సుమారు 60 వేలు. రూపాయి పడిపోయిన పుణ్యమా అని 30 వేల డాలర్ల లాభం లెక్కలోంచి జారిపోయింది. రిజిస్ట్రేషన్ ఖర్చులు, బ్రోకరు కమీషను కలిపితే ఇంకా తగ్గుతుంది.

జీతంతో కలిపి 2,20,000 డాలర్లు. దంపతులు కలిసి వేసే రిటర్నులో, చిన్న మినహాయింపులు పక్కన పెడితే, దీని మీద న్యూజెర్సీ పన్ను దాదాపు 9,970. న్యూయార్క్‌కు కట్టిన పన్నుకు న్యూజెర్సీ తగ్గింపు ఇస్తుంది గానీ జీతం వాటా మేరకే, అంటే 220లో 160 వంతు. అది 7,250. మిగిలిన 2,720 డాలర్లు మీరు చేతి నుంచి కట్టాల్సినవి, దాదాపుగా ఫ్లాటు లాభం తెచ్చినవే.

ఇండియాలో కట్టాను కదా అంటారేమో. ఆ పన్ను ఫెడరల్ లెక్కలో విదేశీ పన్ను తగ్గింపు కోరే ఫారం 1116 ద్వారా కలిసివస్తుంది. న్యూజెర్సీ మాత్రం పరాయి దేశానికి కట్టిన పన్నును పైసా కూడా తగ్గించదు. నా దృష్టిలో ఇది అన్యాయమే, కానీ చట్టం అది. ఇందులో మీకు పనికొచ్చే సంగతి ఒకటి ఉంది: మీరు ఎదురు చూస్తున్న ఫారం 16ఏ వచ్చినా రాకపోయినా న్యూజెర్సీ బాకీ మారదు. దాని కోసం ఫెడరల్ రిటర్ను ఆగవచ్చు, ఈ డబ్బు ఆగాల్సిన పనిలేదు.

కాబట్టి ఏప్రిల్ 15లోగా న్యూజెర్సీ గడువు ఫారం ఎన్‌జే-630 ద్వారా ఆన్‌లైన్‌లో 2,800 డాలర్లు కట్టేయండి. 80 శాతం లెక్క పెట్టి 2,180 దగ్గర ఆగకండి, ఆ మిగతా దాని మీద వడ్డీ నడుస్తూనే ఉంటుంది. ఎక్కువైతే తిరిగి వస్తుంది. ఏమీ కట్టకుండా అక్టోబరు 15న రిటర్ను వేశారనుకోండి: ఆలస్యానికి నెలకు 5 శాతం చొప్పున 25 శాతం దాకా, పైగా నెలకు 100 డాలర్లు కూడా వేయవచ్చు, కట్టనందుకు మరో 5 శాతం. అన్నీ వేస్తే 2,720 బాకీకి 1,400 జరిమానా, వడ్డీ వేరు.

ఇతర రాష్ట్రాల వారు ఈ జవాబు చదివి ఐటీ-370 వెతకకండి. కాలిఫోర్నియాలో ఫారమే అక్కర్లేదు, ఆరు నెలల గడువు దానంతట అదే వస్తుంది; డబ్బు మాత్రం ఏప్రిల్ 15కే చేరాలి. వర్జీనియాలో అసలు తేదీయే మే 1, గడువు నిలవాలంటే అప్పటికి 90 శాతం కట్టి ఉండాలి.

4868 పంపినప్పుడు వచ్చిన ధ్రువీకరణను, ఎన్‌జే-630 రసీదును, ఐటీ-370 రసీదును ఒకే చోట భద్రపరచండి. అక్టోబరులో న్యూజెర్సీ రిటర్ను వేసేటప్పుడు ఫెడరల్ గడువు తీసుకున్నట్టు రుజువు అడుగుతారు.