స్పుత్నిక్ పిచ్చోడిని ఏం చదివించాలి?

ప్రశ్న: మావాడు ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. జేఈఈ మెటీరియల్ పక్కనపడేసి స్పుత్నిక్, అమెరికా-రష్యా అంతరిక్ష పోటీ అంటూ అందులోనే మునిగిపోతున్నాడు. హిస్టరీ చదువుతాడట. వాళ్ల నాన్నకి అస్సలు మింగుడుపడటం లేదు. ఏం చేయమంటారు? - ఒక తల్లి, ఖమ్మం

జవాబు: అమ్మా, ఆ కథలో మీవాడికి ఏ ముక్క నచ్చిందో ముందు తేల్చుకోవాలి. 'స్పేస్ ఇష్టం' అంటే సరిపోదు.

1957 అక్టోబర్ 4న సోవియట్ యూనియన్ ఎగరేసిన తొలి కృత్రిమ ఉపగ్రహం స్పుత్నిక్ బరువు 83.6 కిలోలు. పైనుంచి బీప్ బీప్ అనడమే దాని పని. కానీ దాన్ని మోసుకెళ్లిన ఆర్-7, అణుబాంబును అమెరికా దాకా విసరడానికి చేసిన రాకెట్. అమెరికా గుబులంతా అదే.

ఆ బీప్‌లను అమెరికాలో జాన్స్ హాప్కిన్స్ ప్రయోగశాలలో గయర్, వైఫెన్‌బాక్ అనే ఇద్దరు కుర్ర శాస్త్రవేత్తలు విన్నారు. రైలు కూత మన ముందునుంచి దాటిపోగానే మారుతుంది కదా, ఈ సిగ్నల్ కూడా అలాగే మారుతోంది. మీవాడి ఫిజిక్స్ పుస్తకంలో ఉన్న డాప్లర్ ఎఫెక్టే! ఆ మార్పును బట్టి వాళ్లు స్పుత్నిక్ కక్ష్యను లెక్కగట్టారు. 1958లో వాళ్ల బాస్ మెక్‌క్లూర్ ప్రశ్నను తిరగేశాడు: ఉపగ్రహం ఎక్కడుందో తెలిస్తే, వినేవాడు ఎక్కడున్నాడో చెప్పగలమా? పొలారిస్ అనే అణు క్షిపణులను మోసే అమెరికా జలాంతర్గాములకు దారి చూపిన ట్రాన్సిట్ ఉపగ్రహాలు అలా పుట్టాయి. మన ఫోన్లలోని జీపీఎస్‌కి అది పెద్దన్న లాంటిది.

ఇది మీవాడితో చెప్పించుకుని వినండి. లెక్క దగ్గర వాడి కళ్లు వెలిగితే వాడిది ఇంజనీరింగ్ బుర్రే. అంతరిక్ష చదువులకు తిరువనంతపురంలో ఐఐఎస్‌టీ అనే సంస్థ ఉంది, కానీ అక్కడ బీటెక్ సీటుకి జేఈఈ అడ్వాన్స్‌డ్ కావాలి. పక్కనపడేసిన మెటీరియల్ మళ్లీ తీయాల్సిందే.

అలా కాక, 1967 అంతరిక్ష ఒప్పందం కక్ష్యలో అణ్వాయుధాలు పెట్టొద్దని చెప్పి మామూలు ఆయుధాల సంగతి ఎందుకు వదిలేసింది, 2007లో చైనా, 2019లో మనం సొంత ఉపగ్రహాలనే క్షిపణులతో ఎందుకు కూల్చాం అని అడుగుతుంటే దారి వేరు. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో ఇంటిగ్రేటెడ్ ఎంఏకి సీయూఈటీ, నల్సార్ లా యూనివర్సిటీలో చదవడానికి క్లాట్ అనే ప్రవేశ పరీక్షలు రాయాలి. రెండింటికీ ఎంపీసీ వాళ్లు అర్హులే. చాలామంది తల్లిదండ్రులకు ఈ సంగతే తెలీదు. పక్కన రష్యన్ భాష నేర్చుకుంటే ఇంకా మంచిది. స్పుత్నిక్ దెబ్బకి అమెరికా 1958లో చేసిన విద్యా చట్టం సైన్స్, లెక్కలతో పాటు విదేశీ భాషలకూ డబ్బులిచ్చింది. వాళ్ల నాన్నగారికి ఈ మాట చెప్పి చూడండి.

అయితే హిస్టరీ దారిలో డిగ్రీ కాగానే ప్యాకేజీ రాదు. పీజీ, లెక్చరర్ అర్హతకి నెట్ పరీక్ష, పీహెచ్‌డీ అంటూ ఏళ్లు పడుతుంది, పోస్టులూ తక్కువే. అన్నేళ్లు ఇంట్లో మీరు ఎంతవరకు మోయగలరో వాడికి ఇప్పుడే అంకెలతో చెప్పండి.

ఈ ఆదివారం ముగ్గురూ కూర్చోండి. వాళ్ల నాన్నగారి ఫోన్ మాత్రం ఓ అరగంట మీ దగ్గర పెట్టుకోండి.