'టార్న్' పాట అసలు ఎవరిది? గిటార్ మీద ఏ వెర్షన్ నేర్చుకోవాలి?

మీరు రెండు అడిగారు. ఆస్ట్రేలియా గాయని నటాలీ ఇంబ్రూలియా పాడిన 'టార్న్' కవర్ (అంటే అప్పటికే వేరేవాళ్లు పాడిన పాటని మళ్లీ పాడడం) అంటున్నారు, నిజమేనా అని ఒకటి. గిటార్ కొత్తగా నేర్చుకుంటున్నాను, ఏ వెర్షన్ పట్టుకోమంటారు అని రెండోది. మొదటిదానికి జవాబు అవును, కవరే. ఆ సంగతి నాకు తెలిసిన తీరు మాత్రం కాస్త పరువు తక్కువ వ్యవహారం.

2012లో ప్రాజెక్ట్ పనిమీద డెన్మార్క్ రాజధాని కోపెన్‌హాగన్‌లో ఉన్నాను. ఓ సాయంత్రం మా టీమ్‌లో ఆవిడ తన కార్లో నన్ను స్టేషన్ దగ్గర దింపుతానంది. రేడియోలో పాట మొదలైంది. ట్యూన్ చెవిన పడగానే నా వేళ్లు డాష్‌బోర్డు మీద ఆడాయి, హాస్టల్ రోజుల పాట కదా! తీరా చూస్తే పాడేది డేనిష్‌లో. డబ్బింగ్ పాటలు వింటూ పెరిగిన బుర్ర ఎక్కడికి పోతుంది? "దీన్ని కూడా డబ్బింగ్ చేసేశారా మీవాళ్లు?" అన్నాను. ఆవిడ సిగ్నల్ దగ్గర బండి ఆపి, నా వైపు తిరిగి, "ఇది నేను స్కూల్లో ఉన్నప్పటి పాట. మీ ఇంగ్లీషుదే తర్వాత వచ్చింది" అంది. నేను ఒప్పుకుంటేగా. స్టేషన్ వచ్చేదాకా వాదించాను. రాత్రి గదికెళ్లి వెతికితే ఆవిడ చెప్పిందే నిజం. మర్నాడు కాఫీ, దాల్చినచెక్క బన్ను నా ఖాతాలో.

స్కాట్ కట్లర్, ఆన్ ప్రెవెన్, ఫిల్ థోర్నలీ అనే ముగ్గురు 1991లో ఈ పాట కట్టారు. రికార్డుగా ముందు బయటికొచ్చింది 1993లో, డెన్మార్క్ గాయని లిస్ సోరెన్‌సెన్ గొంతులో. పేరు 'బ్రెంట్', అంటే కాలిపోయింది అని. ఇంగ్లీషులో చిరిగిన మనసు డేనిష్‌కి వచ్చేసరికి కాలిందన్నమాట. 1995లో ఎడ్నాస్వాప్ అనే అమెరికన్ రాక్ బ్యాండ్ ఇంగ్లీషులో చేసింది. 1996లో నార్వే గాయని ట్రీనె రేన్ పాడింది. ప్రపంచమంతా విన్న నటాలీ వెర్షన్ 1997లో వచ్చింది.

ఇక్కడో మెలిక ఉంది. ఎడ్నాస్వాప్‌లో పాడే అమ్మాయి ఆన్ ప్రెవెనే, గిటార్ పట్టింది కట్లరే. అటు నటాలీ పాటకి ప్రొడ్యూసర్ ఎవరయ్యా అంటే మూడో రచయిత థోర్నలీ. అంటే పాట కన్నవాళ్లే రెండు చోట్లా ఉన్నారు. అందుకే నటాలీని "ఎవరిదో పాట కొట్టేసింది" అని తిట్టేవాళ్లని చూస్తే నాకు చిరాకు. దాచిందేమీ లేదు, క్యాసెట్ కవర్ మీద రచయితల పేర్లు చూసే అలవాటు మనకే లేదు. నాకూ లేదు, అది వేరే విషయం.

నాలుగూ వరసగా వినండి, ఒక్క రాత్రి పని. ఎడ్నాస్వాప్‌ది బరువుగా, గిటార్ డిస్టార్షన్‌తో, అంటే గరగరలాడే మోతతో నడుస్తుంది. ప్రెవెన్ గొంతులో ఏడ్చి ఏడ్చి గీరుకుపోయిన జీర ఉంటుంది. ట్రీనె రేన్‌ది నటాలీ పాటకి అక్కలా వినిపిస్తుంది, పోలికలు అంత దగ్గర. నటాలీ దగ్గరికొచ్చేసరికి అదే బాధ, కానీ కింద డ్రమ్స్ హుషారుగా పరిగెడుతుంటాయి, అకూస్టిక్ గిటార్ తేలిగ్గా సాగుతుంటుంది. మిక్సింగ్ చేసింది రేడియోహెడ్ అనే రాక్ బ్యాండ్‌కి ప్రొడ్యూసర్ అయిన నైజెల్ గాడ్రిచ్. ఏడుపు పాటని అంట్లు తోముకుంటూ కూడా పాడుకునేలా చేశారు చూడండి, నా లెక్కలో కవర్ గొప్పతనమంతా అక్కడుంది. ఏడవాలనుంటే మాత్రం నేను ఎడ్నాస్వాప్‌దే పెట్టుకుంటాను.

1998లో మా హాస్టల్ కామన్ రూమ్‌లో కేబుల్ టీవీలో ఈ వీడియో రోజుకి రెండు మూడుసార్లు వచ్చేది. వదులు ప్యాంటు, చెదిరిన పొట్టి జుట్టు, ఒక ఫ్లాటు. చివర్లో గోడలు ఊడదీసి పట్టుకెళ్తుంటారు, ఆమె మధ్యలో గెంతుతూనే ఉంటుంది. ఇల్లంతా సెట్ అని మాకు మూడోసారి చూస్తేగాని వెలగలేదు.

ఇంత మోగినా బ్రిటన్ చార్టులో నంబర్ టూ దగ్గరే ఆగింది. అడ్డుపడింది 'బార్బీ గర్ల్', అంటే డెన్మార్క్ వాళ్ల ఆక్వా బ్యాండ్! డెన్మార్క్‌లో మొదట వినిపించిన పాటకి డెన్మార్కే అడ్డం. అమెరికాలో ఇంకో తమాషా. రేడియో ప్రసారాల చార్టులో 11 వారాలు నంబర్ వన్, కానీ సింగిల్‌గా దుకాణాల్లో అమ్మలేదు కాబట్టి ఆనాటి రూల్ ప్రకారం ప్రధాన చార్టు హాట్ 100లోకి రానివ్వలేదు. 1998 డిసెంబర్‌లో రూల్ మార్చాక వచ్చింది, అప్పటికి జోరు తగ్గి 42 దగ్గర ఆగింది.

తర్వాత పాడినవాళ్లలో మీ వయసువాళ్లకి తెలిసేది వన్ డైరెక్షన్ బ్యాండ్, 2010లో ఎక్స్ ఫ్యాక్టర్ అనే బ్రిటన్ టీవీ పాటల పోటీలో. బాగానే పాడారు, అంతే. నవ్వుకోవాలంటే డేవిడ్ అర్మాండ్ అనే కమెడియన్ ఈ పాటలో ప్రతి మాటకీ చేతులతో అర్థం చూపించే మూకాభినయం వెతకండి. 2006లో నటాలీయే పక్కన నిలబడి పాడింది, మధ్యలో తనూ ఆ చేతులు తిప్పింది.

ఇక గిటార్. నటాలీ వెర్షన్ ఎఫ్ శ్రుతిలో ఉంది. కోరస్‌లో, అంటే పల్లవిలో, కార్డ్‌లు ఎఫ్, సి, డి మైనర్, బి ఫ్లాట్. కొత్తవాళ్ల చూపుడు వేలికి ఎఫ్, బి ఫ్లాట్ రెండూ శత్రువులే. నేను తెలివిగా జి లోకి మార్చుకున్నాను: జి, డి, ఈ మైనర్, సి. చెయ్యికి హాయి. కాలేజ్ ఫెస్ట్‌లో స్టేజీ ఎక్కాక తెలిసింది, గొంతు కూడా రెండు మెట్లు పైకెక్కాలని. రెండో కోరస్‌లో నా గొంతు కీచుమంది, ముందు వరసలో జూనియర్లు అదే కీచుని వారంపాటు మెస్సులో వినిపించారు. పాడకుండా వాయించడానికైతే జి చాలు. పాడాలనుంటే ఆ జి షేపులే పట్టుకుని, తీగలన్నీ రెండు మెట్లు కిందికి దించి ట్యూన్ చేసుకోండి, సరిగ్గా నటాలీ శ్రుతికి వస్తుంది. ఇది నాకు ఫెస్ట్ అయిపోయిన పదేళ్లకి తట్టింది.