దెయ్యానికైనా ఒక పద్ధతుండాలి

అమ్మాయికి ఆశీస్సులు.

"తప్పక చూడాల్సిన పాతిక సరదా దెయ్యం సినిమాలు" అని నువ్వు పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను, రెండోసారి పెన్సిల్ పట్టుకుని. 'కడుపుబ్బ నవ్విస్తుంది' పదకొండు చోట్ల వచ్చింది. 'భయపెడుతూనే నవ్విస్తుంది' ఏడు చోట్ల. ఇక సినిమా పేర్లు అటూ ఇటూ మార్చేసినా వ్యాసానికి ఏ నష్టమూ లేదు. మార్చి చూశాను కూడా. 'గీతాంజలి' కింద నువ్వు రాసింది 'రాజు గారి గది' కింద పెడితే అతికినట్టు సరిపోయింది.

అంతటితో మడిచి పక్కన పెట్టేవాణ్నే. చివరి పేజీలో 'స్త్రీ' దగ్గరికొచ్చేసరికి, "మా అమ్మమ్మ వాళ్లింటి తలుపు మీద ఓ స్త్రీ రేపు రా అన్న రాత ఇంకా లీలగా కనిపిస్తుంది" అని ఒక్క వాక్యం రాశావు. రాసి, ఊపిరైనా తీసుకోకుండా 'రేటింగ్ 3.5' అన్నావు. ఆ వాక్యానికే ఈ జవాబు.

ఆ రాత సంగతి కాసేపు ఆలోచించు. తొంభైల్లో మన ఊళ్లలో ఎన్ని గుమ్మాల మీద ఉండేదో. కర్ణాటకలో 'నాళె బా' అని రాసుకునేవాళ్లు, అదీ రేపు రమ్మనే. రాత్రిపూట ఆడదెయ్యం వచ్చి మనకు తెలిసినవాళ్ల గొంతుతో పిలుస్తుంది, తలుపు తీశామా, అంతే. అందుకని ముందే రాసిపెడతారు. అది వస్తుంది, చదువుకుంటుంది, వెళ్లిపోతుంది. మర్నాడు మళ్లీ వస్తుంది, మళ్లీ అదే చదువుతుంది, మళ్లీ వెళ్లిపోతుంది. అంటే ఈ దెయ్యానికి చదువొచ్చు, మాట మీద గౌరవముంది, రేపు అనేది ఎన్నటికీ రాదన్న చిన్న లెక్క మాత్రం తట్టదు. కిరాణా కొట్లో 'నేడు నగదు – రేపు అరువు' బోర్డు చూపించి పంపినట్టు ఊరంతా కలిసి దాన్ని పంపేస్తోంది. ప్రాణభయమూ కొట్టువాడి తెలివీ ఒకే గుమ్మం మీద ఉన్నాయి. హారర్ కామెడీ అంటే ఏమిటని నన్నడిగావే, అదే. మీ అమ్మమ్మ గుమ్మం దగ్గర దొరికినదాన్ని వదిలేసి స్టార్లు లెక్కపెట్టుకుంటూ కూర్చున్నావు.

'స్త్రీ' (2018) హిందీ సినిమానే, కథ మధ్యప్రదేశ్‌లోని చందేరిలో జరుగుతుంది, దర్శకుడు అమర్ కౌశిక్. కానీ రాసిన రాజ్, డీకే మన తిరుపతి, చిత్తూరు వైపు వాళ్లు. వ్యాసంలో ఈ ముక్క లేదు. అందులో దెయ్యం ఏం చేస్తుంది? జాతర జరిగే నాలుగు రాత్రులు వస్తుంది. మగాణ్ని వెనక నుంచి పేరు పెట్టి పిలుస్తుంది. తిరిగి చూస్తే తీసుకుపోతుంది, బట్టలు మాత్రం అక్కడ పడి ఉంటాయి. ఆడవాళ్ల జోలికి రాదు. ఈ చివరి నియమం ఒక్కటే ఊరిని తలకిందులు చేసింది. చీకటి పడేలోగా ఇల్లు చేరాలన్న జాగ్రత్త ఇప్పుడు మగాళ్లకు వచ్చింది. దాని మీద మళ్లీ జోకు రాయక్కర్లేదు, ఊరివాళ్లు బిక్కుబిక్కుమంటూ తలుపులేసుకుంటే చాలు, హాలు నవ్వుతుంది.

ఈ విషయంలో నాకు మొండితనం ఉందని అందరూ అంటారు, అననీ. దెయ్యానికి నియమం ఉండాలి. ఎప్పుడొస్తుంది, ఏం చేయగలదు, ఏం చేయలేదు, దేనికి ఆగుతుంది. మొదటి అరగంటలో ఇవి ప్రేక్షకుడికి తెలియాలి. ఎందుకంటే నియమం తెలిసినవాడే ముందుగా లెక్క వేసుకుంటాడు: 'ఒరేయ్, తిరిగి చూడకురా!' అని లోపల అరుస్తాడు. తెరమీద వాడు తిరగబోయి, చెప్పు తెగి, వంగి చెప్పు చూసుకుంటాడనుకో, భయమూ నవ్వూ ఒకే క్షణంలో వస్తాయి. అదే దెయ్యం ఏదైనా చేయగలదంటే లెక్క లేదు, లెక్క లేకపోతే ఎదురుచూపు లేదు. అప్పుడు మిగిలేది రీరికార్డింగ్ మోత.

'శుభం' (2025) నీ జాబితాలో ఇరవై రెండోది! భీమిలిలో కేబుల్ టీవీ రోజుల కథ, ప్రవీణ్ కండ్రేగుల తీశాడు. రాత్రి తొమ్మిదయ్యేసరికి సీరియల్ మొదలవుతుంది, ఇంటి ఇల్లాలికి పూనకం వస్తుంది. సీరియల్ అయ్యేదాకా మధ్యలో ఎవరూ కదపకూడదు. ఎంత చిన్న నియమమో చూడు. దానివల్ల గోడ గడియారం కూడా పాత్రధారి అయిపోయింది. తొమ్మిదికి ఐదు నిమిషాలుందంటే మొగుడికి చెమటలు. పైగా మగతనం పోతుందని ఈ సంగతి ఒకడికొకడు చెప్పుకోరు. దెయ్యం కంటే పరువుకు ఎక్కువ జడుచుకునే మొగుళ్లు. నువ్వు దీనికి రాసింది: 'టైంపాస్'.

ఇక 'ఆనందో బ్రహ్మ' (2017). దీన్ని దగ్గర పెట్టుకుని పని నేర్చుకో. కథ తిరగేసి ఉంది, మనుషులకు దెయ్యాలు భయపడతాయి. ఇల్లు అమ్ముడుపోవాలంటే దెయ్యాల కొంప అన్న పేరు పోవాలి, అందుకు డబ్బు అవసరమున్న నలుగురు అక్కడ రాత్రుళ్లు ఉండటానికి ఒప్పుకుంటారు. వెన్నెల కిశోర్ పాత్రకు రేచీకటి, చెవుడు. తాగుబోతు రమేశ్ పాత్ర ఎప్పుడూ మత్తులోనే. మిగతా ఇద్దరి సంగతి చూడనివాళ్ల కోసం చెప్పను. ఇప్పుడొక కాగితం మీద మూడు గళ్లు గీయి. మొదటి గడిలో దెయ్యం చేతిలో ఉన్న ఆయుధాలు రాయి: కనబడటం, చప్పుడు చేయడం, వస్తువులు కదపడం. రెండో గడిలో ఎదుటివాడి లోపం. మూడో గడిలో ఫలితం. కనబడితే రేచీకటివాడికి ఆనదు. అరిస్తే చెవిటివాడికి వినబడదు. తాగినవాడు చూస్తాడు, వింటాడు, కానీ మందు ఎక్కువైందనుకుంటాడు. ఒక్కో లోపం ఒక్కో ఆయుధాన్ని మొద్దుబారుస్తోంది. దర్శకుడు మహి వి. రాఘవ్ ఆ నలుగురినీ ఊరికే జోకర్లని తెచ్చిపెట్టలేదు, తాళానికి తాళంచెవి కోసినట్టు కోశాడు. 2019లో తమిళంలో 'పెట్రోమాక్స్'గా మళ్లీ తీయగలిగారంటే ఆ అమరికే కారణం. మాట మీద నడిచే కామెడీ భాష మారితే సగం చస్తుంది, అమరిక చావదు.

తెలుగు వ్యాసంలో 'చంద్రముఖి'కి రెండు వాక్యాలేనా? 1993లో ఫాజిల్ మలయాళంలో తీసిన 'మణిచిత్రతాళు' దగ్గర మొదలుపెట్టు. అక్కడ నాగవల్లి తమిళ నర్తకి, పూనినప్పుడు తమిళం మాట్లాడుతుంది. 2005లో తమిళంలో పి. వాసు 'చంద్రముఖి' తీసినప్పుడు నర్తకి విజయనగరం పిల్ల అయింది, తెలుగు మాట్లాడింది, ఆ 'రారా' పాట తమిళ సినిమాలో ఉన్న తెలుగు పాట. దాన్ని మనకు డబ్ చేసేటప్పుడు తెలుగు దెయ్యం పనికిరాలేదు, పాట 'వారాయ్' అని తమిళమైపోయింది. చూశావా, ఎవరి సినిమాలో అయినా దెయ్యం పక్కింటి భాషే మాట్లాడుతుంది. అర్థమయ్యీ కాని భాషకు ఒళ్లు జలదరిస్తుంది, పూర్తిగా రాని భాష జలదరింపజేయదు, సొంత భాష అసలే చేయదు. ఇలాంటిది ఒక్కటి రాస్తే చదివేవాడు ఆ రాత్రే సినిమా పెట్టుకుంటాడు.

'చంద్రముఖి'లోనే మంచం ఎత్తే ఘట్టం. కథానాయిక గంగ బజారుకు వెళ్తానంటుంది, మొగుడు వద్దంటాడు. రోజూ ప్రతి ఇంట్లో జరిగే తగువే, మొదటి రెండు మాటలదాకా మనం నవ్వుముఖంతోనే చూస్తాం. గొంతు మారుతుంది, కళ్లు మారతాయి, మంచం లేస్తుంది. నవ్వు నుంచి జడుపులోకి వెళ్లే దారి ఎప్పుడూ ఇల్లూ వాకిలీ మీదుగానే ఉంటుంది. పాడుబడ్డ బంగళా మీదుగా వెళ్లినవాళ్లు చాలామంది దారి తప్పారు.

బంగళా అంటే ఫ్లాష్‌బ్యాక్ గుర్తొచ్చింది. 'కాంచన' (2011) ఆడాక మొదలైన జబ్బు ఇది. రాత్రయితే అమ్మ పక్కన పడుకునే పిరికివాడి ఒంట్లోకి అంత కోపం ప్రవేశించాలంటే ఆ కోపం ఎక్కడిదో చెప్పాలి, కాబట్టి దాన్ని తీసి, అందులో నటించిన లారెన్స్‌కు ఫ్లాష్‌బ్యాక్ అవసరమైంది. తర్వాత వచ్చినవాళ్లకు? కథ వినేవాళ్లు మొదటి ప్రశ్నగా "దెయ్యం ఎందుకు చచ్చింది?" అనడం మొదలుపెట్టారు. ఫస్టాఫ్ నవ్వులు, ఇంటర్వెల్‌కు బ్యాంగు, సెకండాఫ్‌లో పావుగంట ఏడుపు, తర్వాత విలన్‌ను గాల్లోకి లేపి కొట్టడం. ఇన్నేళ్లలో ఎంతమందితో పోట్లాడానో లెక్కలేదు. పావుగంట ఏడ్చిన ప్రేక్షకుడు మళ్లీ నవ్వడు, వాడి ఒళ్లు ఒప్పుకోదు. అందుకే 'ప్రేమ కథా చిత్రమ్' (2013) గురించి ఎవరైనా చెబితే ఎత్తుగడే చెబుతారు: చావడానికని ఫామ్‌హౌస్‌కు వచ్చినవాళ్లు దెయ్యాన్ని చూసి ప్రాణభయంతో పరుగెత్తడం. కమెడియన్‌గా సప్తగిరి ఆ పరుగులోంచే పుట్టాడు. ఆ సినిమాలో దెయ్యం గతం నీకెంత గుర్తుందో నిజం చెప్పు.

'గీతాంజలి' (2014) 'కొంచెం ల్యాగ్' అన్నావు. ఫోన్లో చూశావా? ఈ సినిమాలు హాలు కోసం కోసినవి. జడిపించే చోట ముందు రెండు మూడు సెకన్లు చప్పుడు తగ్గిస్తారు, తర్వాత ఒక్కసారి దెబ్బ కొడతారు. జనం ఉలిక్కిపడి, ఉలిక్కిపడినందుకు తమను చూసి తామే నవ్వుకుంటారు. ఆ నవ్వు చల్లారేదాకా తర్వాతి డైలాగు రాకూడదు, వస్తే మునిగిపోతుంది. అందుకని ఎడిటర్ అక్కడ ఉత్త మొహం షాట్ ఒకటి ఉంచుతాడు. మూడొందల మంది మధ్య ఆ మొహం ఇంకో నవ్వు తెస్తుంది. దుప్పటి కింద, ఇయర్‌ఫోన్స్‌లో, అది ఖాళీగా కనిపిస్తుంది. కనీసం నలుగురిని కూర్చోబెట్టుకుని చూడు. అప్పుడూ సాగిందనిపిస్తే నిర్భయంగా రాయి.

చూసేటప్పుడు ఇలా చెయ్యి. ఒకసారి మామూలుగా. నచ్చిన ఘట్టం మూడు నిమిషాలు రెండోసారి చప్పుడు పూర్తిగా తీసేసి. అప్పుడూ నవ్వొస్తే ఆ నవ్వు నటుడిది, రాకపోతే మాటలదో వాయిద్యాలదో. మూడోసారి కళ్లు మూసుకుని విను, ఎక్కడ నిశ్శబ్దం ఉందో సెకన్లలో రాసుకో. చివరగా ఆ ఘట్టంలో తెరమీద ఉన్నవాళ్లలో ఎవరికి దెయ్యం సంగతి తెలుసు, ఎవరికి తెలియదు అని చూడు. అందరికీ తెలిసిన చోట అరుపులుంటాయి, నవ్వు పలచన. ఒక్కడికే తెలిసి, పక్కవాడికి చెప్పలేని చోట నవ్వు చిక్కన. గంట పని ఇది. ఒక్కో సినిమాకు గంట ఇవ్వలేకపోతే పాతిక ఎందుకు పెట్టుకున్నావు? పాతిక పెట్టమని ఎవరో అడిగే ఉంటారులే. అంకె లేని శీర్షిక పంపితే మొహం చిట్లించే సంపాదకులు నాకూ తెలుసు.

జాబితా నుంచి 'మసూద' తీసెయ్. మంచి సినిమా, కానీ అది పక్కా హారర్. సరదా అని నమ్మి పిల్లల్ని కూర్చోబెట్టుకున్న తల్లి నిన్ను తిడుతుంది. 'అరుంధతి' కూడా. 'జాంబీ రెడ్డి' (2021) ఉంచు, కర్నూలు ఫ్యాక్షన్ ఊళ్లోకి జాంబీలు దిగితే ఎలా ఉంటుందన్న ప్రశాంత్ వర్మ ఆలోచన కోసం, కానీ రక్తం ఉందని ఒక మాట రాయి. 'ఓం భీమ్ బుష్' (2024) పైకి తీసుకురా. ముగ్గురు బేవార్సు సైంటిస్టులు సంపంగి దెయ్యం దగ్గరికి వెళ్లాక కథ తీసుకున్న మలుపును ఎగతాళి చేయకుండా నడిపారు, మలుపేమిటో మాత్రం బయటపెట్టకు. 'రాజు గారి గది' మొదటిది చాలు, మూడూ అక్కర్లేదు.

బయటివి రెండు చేర్చు. మలయాళం 'రోమాంచం' (2023), బెంగళూరులో బ్రహ్మచారుల గది, క్యారమ్ బోర్డు మీద అక్షరాలు రాసి ఆత్మను పిలుస్తారు. ఆ గదిలో పరుపులూ బకెట్లూ చూస్తేనే సగం నవ్వొస్తుంది. బెంగాలీ 'భూతేర్ భబిష్యత్' (2012), అనీక్ దత్తా తీశాడు. కోల్‌కతాలో పాత భవనాలు కూలిపోతుంటే ఇళ్లు దొరకని దెయ్యాలు ఒకే భవంతిలో చేరతాయి, చేర్చుకునే ముందు ఇంటర్వ్యూలు కూడా పెడతారు. 'ఆనందో బ్రహ్మ' పక్కన పెట్టి చూడు, ఇల్లు పోతుందన్న భయం చచ్చాక కూడా వదలదని రెండూ వేర్వేరు దారుల్లో చెబుతాయి.

ఏ కలంపేరు పెట్టుకోవాలని అడిగావు, ఆ సంగతి ఇప్పుడెందుకమ్మా.

ఎనిమిది సినిమాలతో మళ్లీ రాసి పంపు. మొదటి పేరా మీ అమ్మమ్మ గుమ్మమే కావాలి. అది సుద్దతో రాశారా, బొగ్గుతోనా? తలుపుకు బయటివైపా, లోపలివైపా? ఎవరు రాశారు, మీ తాతయ్యా? ఆవిడను అడుగు. ముఖ్యంగా ఇంకోటి కనుక్కో: తర్వాత తలుపుకు రంగులేయించినప్పుడు కూడా ఆ ఒక్క చోటు ఎందుకు వదిలేశారో.