పెరూజ్ అంటే పైపైన చూడటమా, పట్టి పట్టి చదవడమా?

ప్రశ్న: మా అమ్మాయి ఇంజినీరింగ్ మూడో సంవత్సరం. ఎంఎస్ కోసం జీఆర్‌ఈకి ప్రిపేర్ అవుతోంది. నాలుగు నెలలుగా ఒక యాప్‌లో రోజుకు 40 పదాలు బట్టీ పడుతోంది. రాత్రి భోజనాలయ్యాక నేనే కూర్చోబెట్టి అప్పజెప్పించుకుంటాను. మొన్న 'పెరూజ్' అంటే ఏమిటని అడిగితే 'శ్రద్ధగా చదవడం' అంది. యాప్‌లోనూ అలాగే ఉంది. ఇంకో క్విజ్‌లో మాత్రం 'పైపైన చూడటం' అని ఉంది. డిక్షనరీ తీస్తే రెండూ ఉన్నాయి. ఆ రోజు నుంచి తను యాప్ తెరవడం లేదు. ఇంగ్లీష్ నా వల్ల కాదు అంటోంది. వొకాబులరీ బ్యాచ్‌లో చేర్పించాలా, లేక పుస్తకాలు, వ్యాసాలు చదివించాలా? రెండూ పోల్చి చెప్పగలరు. నా ఇంగ్లీష్ అంతంత మాత్రం. తనకు ఆ ఇబ్బంది ఉండకూడదని నా తపన.

జవాబు: అమ్మాయి చెప్పింది కరెక్టేనండి. యాప్‌దీ తప్పు కాదు. రెండో క్విజ్‌నీ పూర్తిగా కొట్టిపారేయలేం. తప్పల్లా ఆ ప్రశ్న అడిగిన తీరులో ఉంది.

విడిగా ఒక పదం ఇచ్చి దీని అర్థం చెప్పు అనే ప్రశ్న జీఆర్‌ఈలో రాదు. ఒకప్పుడు పదం ఇచ్చి వ్యతిరేకార్థం గుర్తించమనేవారు. పదాల జంటలు ఇచ్చి పోలిక పట్టుకోమనేవారు. ఆ రెండు రకాల ప్రశ్నలూ 2011 ఆగస్టులో తీసేశారు. ఇప్పుడు ఏ పదం వచ్చినా ఒక వాక్యంలోనో పేరాలోనో కూర్చుని వస్తుంది. వెర్బల్‌లో, అంటే ఇంగ్లీష్ భాష విభాగంలో, దాదాపు సగం ప్రశ్నలు పేరా చదివి జవాబు చెప్పేవే. అంటే రాత్రిళ్లు మీరు పెడుతున్న పరీక్ష వేరు, అమ్మాయి రాయబోయే పరీక్ష వేరు. మిగతా ప్యాటర్న్ సంగతి మీ ఇద్దరికీ కంఠతా వచ్చే ఉంటుంది కాబట్టి వదిలేస్తున్నా.

ఇక ఆ పదం దగ్గరికి వద్దాం. అమ్మాయిని బెదరగొట్టింది అదే కదా. దీని పుట్టుక సరదాగా ఉంటుంది. 'యూజ్' అనే మామూలు మాటకు ముందు 'పర్' చేరింది. ఈ 'పర్' లాటిన్‌ది. ఆసాంతం, పూర్తిగా అనే అర్థం ఇస్తుంది. 'పర్ఫెక్ట్'లో ఉన్నది కూడా అదే. అలా 15వ శతాబ్దం చివర్లో పెరూజ్ అంటే ఒక వస్తువును అరిగిపోయేదాకా వాడటం. తర్వాత ఒక్కొక్కటిగా పరిశీలించడం అయింది, ఆ తర్వాత చదవడం అయింది.

షేక్‌స్పియర్ 'హామ్లెట్'లో ఈ మాట వచ్చే చోటు ఒకటి అమ్మాయికి చెప్పండి, ఇక మరిచిపోదు. హామ్లెట్‌ను చంపించడానికి రాజు క్లాడియస్, లేయర్టీస్ అనే యువకుడితో కలిసి పన్నాగం పన్నుతాడు. కత్తిసాము పోటీ పెడదాం, హామ్లెట్‌కు కల్లాకపటం తెలియదు, కత్తుల్ని 'పెరూజ్' చేయడు, మొన మొద్దు చేయని కత్తిని నువ్వు తేలిగ్గా అందుకోవచ్చు అంటాడు. అక్కడ చదవడమే లేదు. తిప్పి తిప్పి చూసుకోవడం ఉంది, చూసుకోకపోతే ప్రాణం పోవడం ఉంది. (పోయింది కూడా.)

మరి పైపైన చూడటం అనే అర్థం ఎక్కడి నుంచి వచ్చింది? వాడుకలోంచే. 'చదవడం' అనడానికి కాస్త గంభీరమైన మాటగా జనం దీన్ని వాడుతూ పోయారు. తీరిగ్గా చదవడం, అలా తిరగేయడం దాకా వచ్చింది. మెరియమ్-వెబ్‌స్టర్ లాంటి డిక్షనరీలు అందుకే రెండూ ఇస్తున్నాయి. ఇది తప్పు వాడుక అని వాదించేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు, వాళ్లతో మనకు పేచీ వద్దు. అర్థాలు జరిగిపోవడం ఇంగ్లీష్‌కే పట్టిన జబ్బు కూడా కాదు. చీర అంటే ఒకప్పుడు తెలుగులో వట్టి గుడ్డ. అందుకే రాముడు నారచీరలు కట్టుకుని అడవికి వెళ్లాడంటే మనం ఆశ్చర్యపోం.

నేను పిల్లలకు చెప్పేది ఒకటే: ఎంత శ్రద్ధగా చదివారో పెరూజ్ చెప్పదు, దాని పక్కనున్న మాట చెబుతుంది. 'కేర్‌ఫుల్ పెరూజల్' అంటారు, 'కర్సరీ (పైపైన) పెరూజల్' అని కూడా అంటారు. పదంలోనే శ్రద్ధ నిండి ఉంటే ముందు కేర్‌ఫుల్ ఎందుకు? లాయర్ అగ్రిమెంట్‌ను పెరూజ్ చేశారంటే ప్రతి క్లాజూ చదివారని. హోటల్లో మెనూ పెరూజ్ చేశాడంటే తీరిగ్గా అటూ ఇటూ చూశాడని. మన 'చూడటం' మాత్రం ఏం తక్కువ? 'పొద్దున పేపర్ చూశావా' అంటే హెడ్డింగులు. 'టీచర్ పేపర్లు చూస్తున్నారు' అంటే దిద్దుతున్నారు. 'డాక్టర్ చూశారు' అంటే పరీక్ష చేశారు. ఇందులో ఏ ఒక్కటీ మీరు కార్డు మీద రాసుకుని నేర్చుకోలేదు.

పరీక్షలో వస్తే ఏం చేయాలి అంటారా? ఎటూ తేలకపోతే శ్రద్ధగా చదవడం వైపే మొగ్గమంటాను. ఆప్షన్లలో రెండు పదాలు ఎంచుకునే రకం ప్రశ్నల్లో 'స్క్రూటినైజ్' (నిశితంగా పరిశీలించడం) లాంటి జోడీ పక్కనే కనిపిస్తే దారి దానంతటదే తెలుస్తుంది. నిజానికి పెరూజ్ లాంటి పదాల కంటే నాకు ఎక్కువ భయం 'వచ్చేసిన' పదాలతో. 'క్వాలిఫైడ్ ప్రెయిజ్' అంటే అర్హుడి పొగడ్త కాదు, 'బాగుంది, కానీ...' అని షరతు పెట్టిన పొగడ్త. 'సాంక్షన్' అంటే అనుమతి, ఆంక్ష కూడా అదే. 'ఓవర్‌సైట్' అంటే పర్యవేక్షణ, చూడక చేసిన పొరపాటు కూడా. ఇవి మీ యాప్‌లో 'ఈజీ' అనే పెట్టెలో ఉండి ఉంటాయి. అమ్మాయి ఆకుపచ్చ టిక్కు కొట్టేసి దాటి వెళ్లిపోయి ఉంటుంది.

వాడుక గురించి కూడా కొంచెం. పెరూజ్ మాటల్లో కంటే రాతలో బాగుంటుంది. చివర 'స్' కాదు, 'జ్' అని మోగాలి, నొక్కు 'రూ' మీద పడాలి. 'పెరూజ్ త్రూ' అనక్కర్లేదు, 'డిస్కస్ అబౌట్' లాంటిదే అది కూడా. కాగితాలు జతచేసి 'ఫర్ యువర్ పెరూజల్' అని రాయడంలో తప్పు లేదు. కానీ అవతలి వాళ్లు ప్రతి లైనూ చదివి తీరాలి అనుకున్న చోట మాత్రం ఈ పదం పెట్టకండి. వాళ్లు రెండో అర్థం తీసుకుని తిరగేసి పక్కన పెడితే మీరు ఏమీ అనలేరు. 'రీడ్ కేర్‌ఫుల్లీ' అని రాస్తే ఆ గొడవే లేదు.

కొన్నేళ్ల కిందట ఒక అబ్బాయి ఎస్‌ఓపీ, అంటే ఎందుకు చదవాలనుకుంటున్నాడో యూనివర్సిటీకి రాసే వ్యాసం, పట్టుకొచ్చాడు. మొదటి లైనే 'ఐ విష్ టు పెరూజ్ ఎ మాస్టర్స్ డిగ్రీ'. రాయాల్సింది 'పర్స్యూ', అంటే చేపట్టి చదవడం. ఇంగ్లీష్‌లో రెండింటికీ ఆరేసి అక్షరాలు, ఇంచుమించు అవే అక్షరాలు, వరస మారింది అంతే. రెండూ ఉన్న పదాలే కాబట్టి స్పెల్ చెక్ కూడా ఊరుకుంది. మాస్టర్స్ డిగ్రీ పట్టాను అటూ ఇటూ తిప్పి చూసుకోవాలని ఉంది అన్నట్టు వచ్చింది అర్థం. నవ్వు ఆపుకుని 'ఈ పదం ఎందుకు ఎంచుకున్నావు?' అని అడిగాను. 'కొంచెం లెవెల్ ఉంటుందని' అన్నాడు. మిగతా ఎస్‌ఓపీ చక్కగా ఉంది. తను చేసిన ప్రాజెక్టు గురించి రాసిన పేరాలో ఒక్క బరువైన పదం లేదు, అందులోనే అబ్బాయి కనిపించాడు.

ఈ 'లెవెల్' అనే మాట మీదే నాకు కోపం. పవర్ వర్డ్స్ అంటారు, ఎలైట్ వొకాబులరీ అంటారు. ఇప్పుడు ఏఐకి ఇచ్చి 'గ్రాండ్‌గా మార్చు' అనడం ఒకటి కొత్తగా మొదలైంది. పిల్లలు తెచ్చే ఎస్‌ఓపీలన్నీ ఒకే పెళ్లికి వెళ్లే జనంలా ఒకే తీరు ముస్తాబుతో వస్తున్నాయి. ప్రిన్స్‌టన్ యూనివర్సిటీలో పనిచేస్తున్నప్పుడు డేనియల్ ఓపెన్‌హైమర్ అనే సైకాలజిస్టు ఈ సంగతి మీదే ఒక పరిశోధన చేసి 2006లో ప్రచురించారు. పీజీ అడ్మిషన్ల కోసం రాసిన వ్యాసాలు తీసుకుని, మామూలు పదాల బదులు పొడుగాటి పదాలు పెట్టి చదివించారు. పదాలు బరువెక్కిన కొద్దీ చదివినవాళ్లు రాసినవాడి తెలివికి మార్కులు తగ్గించారు. ఆ పరిశోధనకు ఆ ఏడాది ఇగ్ నోబెల్ కూడా వచ్చింది. నవ్వించి ఆలోచింపజేసే పనులకు ఇచ్చే బహుమతి అది, సరైన చోటికే వెళ్లింది.

నా సంగతీ చెప్పుకోవాలి. ఒకప్పుడు పదాల జాబితా ఫొటోకాపీలు తీసి పిల్లలకు పంచింది నేనే. అప్పట్లో నాకూ అదే ప్రిపరేషన్ అనిపించేది. ఫ్లాష్‌కార్డులు పూర్తిగా దండగ అని ఇప్పుడూ అనను. విరామం ఇచ్చి మళ్లీ మళ్లీ చూస్తే గుర్తుంటాయి, అది నిజమే. కానీ కార్డు వెనక చోటు తక్కువ. ఒక పదానికి ఒక అర్థం రాసి సరిపెడతారు. పెరూజ్ ఆ చోట్లో పట్టదు. పట్టని పదం ఎదురైన రోజున తప్పు కార్డుది అని పిల్లలకు తోచదు, తమదే అనుకుంటారు. మీ ఇంట్లో జరిగింది అదే.

అసలు ఏ పదాలు కావాలో చూద్దాం. ఆవెరిల్ కాక్స్‌హెడ్ అనే భాషా పరిశోధకురాలు యూనివర్సిటీ పుస్తకాలు, పత్రాల్లో మళ్లీ మళ్లీ వచ్చే మాటలను ఏరి 2000లో 'అకడమిక్ వర్డ్ లిస్ట్' తయారు చేశారు. మొత్తం 570 పదకుటుంబాలు (ఒక మాట, దాని నుంచి పుట్టిన రూపాలు కలిపి ఒక కుటుంబం). అకడమిక్ రాతల్లో సుమారు పదింట ఒక మాట ఆ జాబితాలోదే. అందులో పర్స్యూ ఉంది. పెరూజ్ లేదు. రోజుకు 40 లెక్కన నాలుగు నెలలంటే మీ అమ్మాయి దగ్గర దగ్గర 4,800 కార్డులు తిప్పింది. అంత ఓపిక ఉన్న పిల్లకు ఇంగ్లీష్ రాదంటే నేను నమ్మను.

ఇప్పుడు మిమ్మల్ని కాస్త అనాలి, ఏమీ అనుకోకండి. ఇంజినీరింగ్ చదివే పిల్లను రాత్రి భోజనాలయ్యాక కూర్చోబెట్టి ఎక్కాల్లా అప్పజెప్పించుకోవడం ఏమిటండి? రోజుకు ఒక్కటి తప్పు చెప్పినా నాలుగు నెలల్లో 120 సార్లు మీ ముందు తలదించుకుని ఉంటుంది. తను యాప్ మానేసింది పెరూజ్ వల్ల అని మీరు రాశారు. ఆ రోజు మీ ఇద్దరి మధ్య ఏ మాటలు దొర్లాయో మీకు తెలుసు, నాకు రాయలేదు. ఇంగ్లీష్‌తో మీరు పడ్డ ఇబ్బంది మీది. ఆ బాకీ అమ్మాయి చేత తీర్పించకండి. ఇంకో మాట: ఒక క్విజ్‌కూ ఇంకో క్విజ్‌కూ తేడా గమనించి, డిక్షనరీ తీసి, రెండు అర్థాలూ ఉన్నాయని కనిపెట్టింది మీరే కదా. అంతంత మాత్రం ఇంగ్లీష్‌తో అయ్యే పని కాదది.

అమ్మాయి అక్కడికి వెళ్లి తడబడుతుందేమో అన్నదే కదా మీ బెంగ. ఎంఎస్‌లో తను చదవాల్సినవి రీసెర్చ్ పేపర్లు, మాన్యువల్స్, ప్రొఫెసర్ పంపే మెయిల్స్. వాటిలో భాష తిన్నగా ఉంటుంది. అర్థం కాని పదం వస్తే అందరూ చేసే పనే తనూ చేస్తుంది, వెతుక్కుంటుంది. మొదటి నెలలో కష్టపెట్టేది పదాలు కాదు, క్లాసులో వాళ్లు మాట్లాడే వేగం. దానికి ఏ లిస్టూ పనికిరాదు, చెవి అలవాటు పడాలి, పడుతుంది. పైగా జీఆర్‌ఈ స్కోరు తప్పనిసరి కాదని చాలా ప్రోగ్రాములు చెబుతున్నాయి. మీ జాబితాలో ఉన్న యూనివర్సిటీల పేజీలు ఈ కోణంలో ఒకసారి చూశారా? ముందు అది చూడండి.

బ్యాచ్‌కూ చదువుకోవడానికీ పోలిక అడిగారు. పెద్దగా పోల్చడానికేం లేదు. తనకు తానుగా 'నలుగురితో కూర్చుంటే నాకు ఊపు వస్తుంది' అంటే బ్యాచ్‌లో చేర్పించండి, లేకపోతే వద్దు. ఎలాగైనా రోజుకు ఒక మంచి వ్యాసం చదవనివ్వండి, సైన్సో ఎకనామిక్సో, తనకు నచ్చింది. తెలియని పదాల్లో ఐదు మాత్రం నోట్‌బుక్‌లో రాసుకోవాలి, అర్థంతో కాదు, ఆ పదం ఉన్న మొత్తం వాక్యంతో. వారం తర్వాత వాక్యం చదివి అర్థం తనే ఊహించి, అప్పుడు డిక్షనరీ తీయాలి. ఆ నోట్‌బుక్ మీరు అడగొద్దు. తనే తెచ్చి చూపిస్తే చూడండి.

యాప్‌కు ఏడాది డబ్బు కట్టి ఉంటే ఉండనివ్వండి, ఎప్పుడైనా తనే తెరుస్తుంది. ఆటో రెన్యువల్ మాత్రం ఆపేయండి. అది ఎలా ఆపాలో చెప్పే షరతులు చివర చిన్న అక్షరాల్లో ఉంటాయి. వాటిని మాత్రం పెరూజ్ చేయండి, హామ్లెట్ చేయని రకంగా.